నవాబు ఓర్వని బొమ్మ: ధీరేంద్రనాథ గంగూలీ జీవితం

గండిపేట జలాశయానికి చేరువలో ఉన్న మన చిల్కూరు పరిసరాలలో సినిమా చిత్రీకరణ నేడొక వింత కాదు. మొయినాబాదు దారిలోని తోటలలోనో, గుట్టల నడుమనో కెమెరా నిలబెట్టి, తళతళలాడే పలకలతో ఎండను మళ్ళించుకొంటూ పనిచేసే బృందాలు తరచు కనిపిస్తూనే ఉంటాయి. స్వామి దర్శనానికి వచ్చిన విద్యార్థులు ప్రదక్షిణలు ముగించుకొని, తిరుగుదారిలో కాసేపు నిలిచి చూచి పోతుంటారు. అట్లా చూచి వచ్చిన విద్యార్థి ఒకడు మరునాడు తరగతిలో నన్నొక ప్రశ్న అడిగాడు. ఈ హైదరాబాదు ప్రాంతంలో తొలినాళ్ళలో కథాచిత్రాలు తీసినవారెవరని అతని సందేహం. తరగతిలో ఎవరికీ ఆ పేరు తెలియలేదు. తెలియకపోవడం వారి తప్పు కాదు. ఆ మహనీయుడు ఈ నగరంలో ఉండి పనిచేసినది రెండేండ్లు. ఇక్కడినుండి వెళ్ళిపోవడానికి ఆయనకు దొరికిన గడువు ఒక్క దినం.

ఆయన పేరు ధీరేంద్రనాథ గంగూలీ. చలనచిత్ర లోకంలో అందరూ ధీరేన్ గంగూలీ అనీ, డి.జి. అనీ పిలిచేవారు. ఆయన 1893 మార్చి 26వ తేదీన వంగదేశంలో జన్మించారు. రవీంద్రుని శాంతినికేతనంలో చదువుకొన్నారు. చిత్రకళలో ఆయనకు మంచి ప్రవేశం ఉండేది. సినిమా రంగంలో అడుగు పెట్టకముందే ఆయనకు హైదరాబాదుతో సంబంధం ఏర్పడింది. ఇక్కడి ప్రభుత్వ చిత్రకళా పాఠశాలకు ఆయన ప్రధానోపాధ్యాయులుగా పనిచేశారు. అనగా ఈ కథానాయకుడు మొదట ఒక బడిపంతులు. ఆయన తరువాతి జీవితాన్ని అర్థం చేసుకోవాలంటే ఈ విషయం మరువరాదు.

గంగూలీకి ఛాయాగ్రహణం ఎంత ఇష్టమో, వేషం మార్చడం అంత ఇష్టం. 1915లో ఆయన ఒక విచిత్రమైన పుస్తకం ప్రచురించారు. దాని పేరు భావేర్ అభివ్యక్తి. అందులోని ఫోటోలలో స్త్రీలు, పురుషులు, వృద్ధులు, యువకులు, ధనికులు, పేదలు ఎందరో కనిపిస్తారు. వారందరూ ఒక్కరే, ఆయనే గంగూలీ. ముఖం మీది కొద్దిపాటి రంగుతో, కనుబొమల కదలికతో మనిషి మరొక మనిషి కావచ్చునని ఆ పుస్తకం నిరూపించింది. ఈ నేర్పు విని పోలీసు రహస్య పరిశోధక శాఖవారు వేషం మార్చే విద్యలో తమవారికి శిక్షణ ఇప్పించుకొన్నారు. కలకత్తాలో సినిమా వ్యాపారానికి చక్రవర్తి వంటివాడైన జె. ఎఫ్. మదన్ దృష్టికి కూడా ఆ పుస్తకం వెళ్ళింది. గంగూలీకి చలనచిత్ర ద్వారం ఆ విధంగా తెరచుకొంది.

కాని ఒకరి నీడలో ఉండిపోయే స్వభావం ఆయనది కాదు. 1918లో నీతీశ్ లాహిరి మొదలైన మిత్రులతో కలిసి ఇండో బ్రిటిష్ ఫిలిం కంపెనీని స్థాపించారు. ఆ కంపెనీ తీసిన బిలాత్ ఫేరత్ అనే హాస్యచిత్రం 1921లో విడుదలై కలకత్తా ప్రేక్షకులను కడుపుబ్బ నవ్వించింది. సీమకు పోయి వచ్చిన యువకుడు ఇంటికి రాగానే అమ్మానాన్నలను తన దొరతనంతో ఎట్లా తికమకపెట్టాడో చూపించే కథ అది. కథానాయకుడి వేషం గంగూలీదే. పాశ్చాత్య వ్యామోహాన్నీ, పాత మూర్ఖత్వాన్నీ సమానంగా ఎగతాళి చేయగల ధైర్యం ఆ చిత్రంలో కనిపించింది. పెద్దలు కోపగించుకోకుండా వారికి అద్దం చూపడం హాస్యకారుని విద్య. ఆ విద్య ఆయనకు పుట్టుకతో అబ్బింది. అయితే అద్దం చూపినప్పుడు అందరూ నవ్వరు. ఈ సత్యం ఆయనకు హైదరాబాదులో బోధపడింది.

1922లో గంగూలీ హైదరాబాదుకు తిరిగి వచ్చి లోటస్ ఫిలిం కంపెనీని స్థాపించారు. అప్పటి హైదరాబాదును పాఠకులు ఒకసారి ఊహించుకోవాలి. 1911లో సింహాసనమెక్కిన ఏడవ నిజాము మీర్ ఉస్మాన్ అలీఖాన్ తన రాజధానిని కొత్తగా తీర్చిదిద్దుతున్న రోజులవి. 1908లో మూసీ వరద నగరాన్ని ముంచివేసింది. అట్టి ఉపద్రవం మరల రాకుండా మూసీకి అడ్డంగా కట్టిన గండిపేట జలాశయం, అనగా ఉస్మాన్ సాగర్, 1920లో పూర్తి అయింది. ఉస్మానియా విశ్వవిద్యాలయం 1918లో ఆవిర్భవించింది. కొత్త కట్టడాలు, కొత్త విద్యాలయాలు, కొత్త దీపాలు. ఈ కొత్తదనంలో సినిమాకు కూడా చోటు దొరికింది. నిజాము ప్రోత్సాహంతో గంగూలీ ఇక్కడ చిత్రాలు తీసే ఏర్పాట్లు చేసుకొన్నారు. రెండు సినిమాహాళ్ళు కూడా నడిపారు. చిల్కూరు పొరుగున నీటిని నిలిపి నగరానికి తరలించిన పాలకుడే, తెరమీది వెలుగును కూడా నగరానికి రానిచ్చాడన్నమాట.

గంగూలీ ఆ రెండేండ్లలో కూర్చున్నది తక్కువ, తీసినది ఎక్కువ. హరగౌరి, ఇంద్రజిత్తు, యయాతి, సతీ సీమంతిని, చింతామణి, సవతి తల్లి కథ, లేడీ టీచర్, ది మ్యారేజ్ టానిక్ ఆ కంపెనీ చిత్రాలలో కొన్ని. పురాణకథల సరసన పంతులమ్మ పేరుతో కూడా ఒక చిత్రం వెలువడిందని మన ఉపాధ్యాయ లోకం గమనించాలి. తెలుగువారి చలనచిత్ర చరిత్రలో ఈ కాలానికి మరొక విధంగా కూడా ప్రాముఖ్యం ఉన్నది. 1921లోనే మద్రాసులో రఘుపతి వెంకయ్య, ఆయన కుమారుడు ప్రకాశ్ భీష్మప్రతిజ్ఞ అనే మూకీ చిత్రాన్ని సిద్ధం చేశారు. మద్రాసులో ఆ తండ్రీకొడుకులు, హైదరాబాదులో ఈ వంగ కళాకారుడు దాదాపు ఒకే సమయంలో విత్తనాలు చల్లారు. మద్రాసు విత్తనం చెట్టయింది. హైదరాబాదు విత్తనానికి ఏమయిందో చెప్పడమే ఈ వ్యాసం ఉద్దేశం.

మూకీ చిత్రం ఎట్లా ఉండేదో నేటి విద్యార్థులకు కొంత వివరించడం అవసరం. కెమెరాను చేతితో తిప్పేవారు. పగటి వెలుతురే ప్రధాన దీపం. తెరమీద పాత్రలు పెదవులు కదుపుతాయి గాని శబ్దం రాదు. బొమ్మకూ బొమ్మకూ నడుమ కొన్ని మాటలు వ్రాసిన పలకలు కనిపిస్తాయి. తెర ప్రక్కన హార్మోనియం, తబలా వాయించేవారు కూర్చుంటారు. చదువురానివారి కోసం ఒకరు నిలబడి కథ చెప్పడం కూడా ఉండేది. కాని చూపు, కన్నీరు, పరుగు, ఎత్తిన చెయ్యి, వీనికి వ్యాఖ్యానం అక్కరలేదు. 1921 నవంబరులో ఇదే హైదరాబాదులో, వివేకవర్ధనిలో జరిగిన ఒక సభలో తెలుగులో మాట్లాడబోయిన వక్తను కొందరు గేలిచేసి కూర్చోబెట్టారు. ఆ అవమానంలోనుంచి ఆంధ్రజన సంఘం పుట్టింది. భాష పేరిట మనిషిని సభలో మాట్లాడనీయని నగరంలో, భాషతో పనిలేని ఈ కళ అందరినీ ఒకే చీకటి గదిలో ప్రక్కప్రక్కన కూర్చోబెట్టింది. తెలుగు, ఉర్దూ, మరాఠీ, కన్నడం మాట్లాడేవారికి అందరికీ ఒకే కథ ఒకే క్షణంలో అర్థమయేది. మూకీకి ఉన్న బలం అదే. పాలకులకు దానిమీద కలిగిన భయమూ దానివల్లనే.

ఆ భయం ఒక్క హైదరాబాదుకే పరిమితం కాదు. ఆ పదేండ్లలో ప్రపంచమంతటా చరిత్రకథలు తెరకెక్కి ప్రభువులను కలవరపెట్టాయి. అమెరికాలో గ్రిఫిత్ 1921లో ఫ్రెంచి విప్లవాన్ని నేపథ్యంగా తీసుకొని ఆర్ఫన్స్ ఆఫ్ ది స్టార్మ్ నిర్మించాడు. రష్యాలో ఐసెన్‌స్టీన్ 1925లో బాటిల్‌షిప్ పొటెంకిన్ తీశాడు. పురుగులు పట్టిన మాంసాన్ని తినమన్నందుకు 1905లో నావికులు చేసిన తిరుగుబాటు ఆ చిత్రానికి వస్తువు. ఒడెస్సా నగరపు మెట్లమీద సైనికులు ప్రజలను కాల్చుకొంటూ దిగివచ్చే ఘట్టాన్ని చూచిన వారెవరూ మరువలేరు. ఇంగ్లండులో ఆ చిత్రంపై విధించిన నిషేధం 1954 వరకు తొలగలేదు. మన దేశంలో 1921లో కోహినూర్ కంపెనీవారు భక్తవిదుర తీసినప్పుడు విదురునికి ఖద్దరు కట్టించి, గాంధీ టోపీ పెట్టించారు. కథ మహాభారతం, రూపం మహాత్మునిది. మద్రాసు ప్రభుత్వం ఆ చిత్రాన్ని నిషేధించింది. 1930లో శాంతారాం శివాజీ కథను తీస్తే, పేరులో ఉన్న స్వరాజ్యం అనే మాటకు ప్రభుత్వం అభ్యంతరం చెప్పగా ఉదయకాల్ అని మార్చవలసి వచ్చింది. గతాన్ని చూపే నెపంతో వర్తమానాన్ని చూపడం చారిత్రక చిత్రానికి సహజం. ప్రేక్షకుడు తెరమీది రాజును చూస్తూ, తన రాజును తలచుకొంటాడు.

1924లో గంగూలీ తన సినిమాహాలులో ప్రదర్శించిన చిత్రం రజియా బేగం. అది ఆయన తీసినది కాదు, బొంబాయిలో తయారైనది. ఢిల్లీని ఏలిన సుల్తానా రజియా జీవితం దానికి ఆధారం. ముస్లిం రాకుమారి ఒక హిందువును ప్రేమించినట్లు అందులో కథ అల్లారు. ఈ కల్పనకు నిజాము ఆగ్రహించాడు. ఇరవైనాలుగు గంటలలో తన రాజ్యం విడిచి పొమ్మని గంగూలీని ఆజ్ఞాపించాడు. బ్రిటిషు ఇలాకాలో 1918నాటి సినిమా చట్టం క్రింద సెన్సారు సంఘాలు ఉండేవి. అవి కత్తిరించమనో, మార్చమనో చెప్పేవి. నిషేధానికి ఒక పద్ధతి, ఒక కాగితం ఉండేవి. సంస్థానంలో ప్రభువు మాటే చట్టం. విచారణ లేదు, విన్నపం లేదు. రెండేండ్లుగా కూర్చుకొన్నదంతా ఒక్క ఆజ్ఞతో చెల్లాచెదరయింది. గంగూలీ తన పరివారంతో కలకత్తాకు బయలుదేరారు.

నిజాము కోపానికి కారణం ఆ ప్రేమకథే అని లోకం చెప్పుకొంటుంది. అది నిజమే. భిన్న మతాల ప్రజలున్న రాజ్యంలో అట్టి కథ అలజడి కలిగించవచ్చునని పాలకుడు తలచి ఉండవచ్చు. ఆ మాటను మనం పూర్తిగా కొట్టివేయరాదు. కాని రజియా చరిత్రలో ఆ ప్రేమ కంటె పెద్ద విషయం ఒకటున్నది. విద్యార్థులు దానిని తప్పక తెలుసుకోవాలి. ఇల్తుత్‌మిష్ తన తరువాత కుమార్తె రజియా రాజ్యానికి రావాలని కోరాడు. ఆయన 1236లో మరణించగానే సరదారులు ఆ కోరికను త్రోసివేసి, కుమారుడైన రుక్నుద్దీనును గద్దెనెక్కించారు. అతడు భోగాలలో మునిగిపోగా, అతని తల్లి షా తుర్కాన్ పెత్తనం చేస్తూ రజియాను చంపించడానికి పూనుకొన్నది. అప్పుడు రజియా సైన్యాన్ని ఆశ్రయించలేదు, సరదారులను బతిమాలలేదు. అన్యాయానికి గురియైనవారు ధరించే ఎర్రని వస్త్రాలు కట్టుకొని, శుక్రవారం ప్రార్థనకు కూడిన ఢిల్లీ ప్రజల ఎదుట నిలబడి న్యాయం అడిగింది. ప్రజలు కదిలిపోయి రాజప్రాసాదం మీద పడ్డారు. షా తుర్కాన్ బందీ అయింది. రజియా సింహాసనమెక్కింది. పదునాలుగవ శతాబ్దంలో మన దక్కనులోనే, బహమనీ సుల్తాను ఆశ్రయంలో గ్రంథం వ్రాసిన ఇసామీ ఇంకొక మాట కూడా చేర్చాడు. తాను సమర్థంగా పాలించకపోతే తనను తొలగించవచ్చునని ఆమె ప్రజలకు మాట ఇచ్చిందట. 1240లో సరదారులే ఆమెను పడద్రోశారు; ఆమె ప్రాణం కూడా పోయింది. కాని ఆ మూడున్నర సంవత్సరాల పాలనకు పునాది వేసినది ఢిల్లీ వీథులలోని ప్రజ.

ఇట్టి రాణి పేరు గల చిత్రం, వంశపారంపర్యంగా వచ్చిన సింహాసనం మీద కూర్చున్న పాలకుని నగరంలో ఆడింది. గంగూలీ విప్లవకారుడు కాదు. ఆ చిత్రం తెప్పించినప్పుడు ఆయన మనస్సులో మంచి కథ, నిండిన హాలు అనే ఆలోచన తప్ప వేరొకటి ఉన్నదనుకోవడానికి ఆధారం లేదు. అయినా చరిత్ర ఒక్కొక్కప్పుడు అమాయకుని చేతికి కూడా నిప్పు అందిస్తుంది. సింహాసనం కదలని వస్తువు కాదనీ, ప్రజ చేయి వేస్తే అది లేస్తుందనీ, పడుతుందనీ చెప్పే కథలు రజియా చరిత్రలో ఉన్నాయి. నిజాము ఆజ్ఞకు బయటికి కనిపించిన హేతువు ప్రేమ. కనిపించని హేతువు పాలితుల కన్నులు తెరచుకొంటాయేమోనన్న శంక. ఇది నా అభిప్రాయం మాత్రమే. పాఠకులు తమ వివేచనతో నిర్ణయించుకొందురు గాక.

నష్టపోయినది ఎవరు? గంగూలీ నష్టపోయారు, నిజమే. అంతకంటె ఎక్కువ నష్టపోయినది హైదరాబాదు. చేయి తిరిగిన దర్శకుడు, అతడు తర్ఫీదు ఇచ్చిన మనుషులు, పనిముట్లు, రెండు హాళ్ళు ఉన్న సంస్థ ఒక్కసారిగా మూతబడింది. తరువాత తెలుగు చిత్రకళకు మద్రాసే పుట్టిల్లయింది. 1931లో మాటలు వచ్చిన తరువాత తెలుగు నటులు, కవులు అందరూ అక్కడికే చేరారు. హైదరాబాదులో స్టూడియోలు స్థిరపడి, తెలుగు చిత్రాలు ఇక్కడికి తిరిగి రావడానికి కొన్ని దశాబ్దాలు పట్టింది. లోటస్ కంపెనీ చిత్రాలు ఇప్పుడు పేర్లుగానే మిగిలాయి. ఆనాటి ఫిలిం త్వరగా అంటుకొనేది, త్వరగా చివికిపోయేది. మన దేశంలో తయారైన వెయ్యికి పైబడిన మూకీలలో నేటికి దక్కినవి అతి స్వల్పం.

గంగూలీ మాత్రం క్రుంగిపోలేదు. 1929లో కలకత్తాలో బ్రిటిష్ డొమీనియన్ ఫిలింస్ అనే కొత్త సంస్థను నెలకొల్పారు. ప్రతిభను గుర్తించి చేరదీయడంలో ఆయనది ఉపాధ్యాయుని చూపు. సహాయ నిరాకరణోద్యమంలో చదువు వదలి, బర్ద్వానులో పత్రిక నడుపుతున్న దేవకీబోసును ఆయన సినిమాలోకి తెచ్చారు. దేవదాసు చిత్రంతో దేశమంతటా కీర్తి గడించిన ప్రమథేశ్ బారువాకు కూడా చిత్రరంగంలో మొదటి అడుగులు ఈ సంస్థతోనే పడ్డాయి. 1930లో ఆ సంస్థ తీసిన ఫ్లేమ్స్ ఆఫ్ ఫ్లెష్ అనే చిత్రానికి కథ వ్రాసి, ప్రధానపాత్ర ధరించినది దేవకీబోసే. ఆ చిత్రం చిత్తూరు రాణి పద్మిని గాథ. ఒక రాణి కథ ప్రదర్శించినందుకు బహిష్కారం పొందిన మనిషి, ఆరేండ్లకు మరొక రాణి కథతోనే తన సంస్థకు పేరు తెచ్చుకొన్నారు. చరిత్ర జోలికి పోరాదని ఆయన అనుకోలేదు.

టాకీలు రావడంతో ఆ సంస్థ కూడా నిలువలేకపోయింది. మూకీల కోసం సమకూర్చుకొన్న సాధనాలన్నీ ఒక్కసారిగా పాతబడిపోయాయి. అప్పుడాయన న్యూ థియేటర్సులో చేరి హాస్యచిత్రాలు తీశారు. 1934లో వచ్చిన ఎక్స్‌క్యూజ్ మి సర్ వానిలో ప్రసిద్ధమైనది. మొదటి చిత్రంలో దొరతనాన్ని చూచి నవ్విన మనిషి చివరివరకు నవ్వు మానలేదు. భారత ప్రభుత్వం 1974లో పద్మభూషణ్ బిరుదుతోను, 1975 సంవత్సరానికి దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారంతోను ఆయనను గౌరవించింది. 1978 నవంబరు 18వ తేదీన ఎనభై అయిదేండ్ల వయస్సులో ఆయన కన్నుమూశారు.

ఆయనను వెళ్ళగొట్టిన రాజ్యం ఆయన కంటె ముందే అంతరించింది. 1946 నుండి తెలంగాణ పల్లెలలో దొరల వెట్టికీ, భూముల దోపిడీకీ ఎదురుతిరిగి రైతులు, కూలీలు సాయుధులైనారు. 1948 సెప్టెంబరులో నిజాము పాలన ముగిసింది. 1951 వరకు ఆ పోరాటం సాగింది. తెరమీద ఏ ప్రజను చూపితే ముప్పని పాలకుడు శంకించాడో, ఆ ప్రజ తెర అవసరం లేకుండానే లేచి నిలబడింది. బొమ్మను ఆపితే ఆలోచన ఆగదు.

ఈ కథకు ఒక ముక్తాయింపు ఉన్నది. ఆ తెలంగాణ రైతాంగ పోరాటాన్ని మాభూమి అనే చిత్రంగా 1979లో బి. నరసింగరావు, రవీంద్రనాథ్ నిర్మించారు. మన పల్లెలు, మన పాటలు, మన యాసతో నిండిన ఆ చిత్రానికి దర్శకుడు గౌతమ్ ఘోష్. ఆయన కలకత్తానుండి వచ్చిన వంగ యువకుడు. కథాచిత్రానికి దర్శకత్వం వహించడం ఆయనకు అదే మొదలు. అర్ధశతాబ్దానికి పూర్వం ఒక వంగ కళాకారుని ఈ నేల ఒక్కదినంలో వెళ్ళగొట్టింది. మరొక వంగ కళాకారుని ఈ నేలమీది ప్రజలే పిలిచి తమ కథ చెప్పించుకొన్నారు.

ఇక చిల్కూరు దారిలో కెమెరా చూచి ఆగిన విద్యార్థికి నేను చెప్పగలిగినది ఇంతే. ఆ కెమెరా వెనుక నిలబడిన పిల్లవానికి నేడు ఎవరి ఫర్మానాతోను పనిలేకపోవచ్చు. కాని ఒకప్పుడు ఈ గండిపేట నీళ్ళు త్రాగిన నగరంలోనే, ఒక బొమ్మ ఆడించినందుకు మాజీ ప్రధానోపాధ్యాయుడొకడు తన సంసారాన్నీ, సంస్థనూ ఒక్క పగలు ఒక్క రాత్రిలో సర్దుకోవలసి వచ్చింది. చరిత్ర పాఠం చెప్పేటప్పుడు రాజుల పేర్లతో పాటు ఆ పంతులు పేరు కూడా మన పిల్లల చేత ఒకసారి పలికిద్దాం.